లేని ఇంటికి కట్టిన కిస్తీ

నా చిన్నప్పుడు మా నాన్న కలకత్తాలో ఒక ఇల్లు కొన్నాడు. ఆ ఇంట్లో మేము ఉన్నది మూడేళ్ళు. దాని అప్పు తీరేసరికి నాకు పెళ్ళయి, మొదటి బిడ్డ కడుపులో ఉంది. ఆ ఇల్లు తలుచుకుంటే నాకు ఇప్పటికీ ముందు గుర్తొచ్చేది భయం. ఆ తరువాతే మా తాతయ్య గుర్తొస్తాడు.

మేముండేది రేవు పక్కనున్న మెటియాబ్రుజ్‌లో. నాన్న రేవులో క్రేను నడిపేవాడు. తాతయ్య అంటే మా అమ్మ నాన్న. శ్రీకాకుళం వైపు నుంచి కుర్రతనంలోనే వచ్చి ఇదే రేవులో మూటలు మోసి, పడవల మీద తిరిగి, ముసలితనంలో కొద్దిపాటి పెన్షనుతో మా దగ్గర ఉండేవాడు. అమ్మమ్మ పోయాక ఆయనకి ఇక్కడ మనసు నిలవలేదు. వచ్చే వేసవికి హౌరాలో రైలెక్కి ఊళ్ళో ఉన్న తన తమ్ముడి దగ్గరికి వెళ్ళిపోతానని, అక్కడ సముద్రం ఒడ్డున కూర్చుని మిగిలిన రోజులు గడుపుతానని ప్రతి ఆదివారం చర్చి నుంచి వస్తూ అనేవాడు.

అంతకుముందు మేము అద్దెకున్నది ఒకే గది. వీధి చివర ఉన్న కుళాయి దగ్గర అమ్మ బిందె పట్టుకుని నిలబడి ఎందరితోనో మాటలు పడేది. అలాంటిది, మూడంతస్తుల కొత్త మేడలో నడిమి అంతస్తున రెండు గదులు, లోపలే కుళాయి, గంగ వైపు తెరుచుకునే కిటికీ. పాస్టరుగారు వచ్చి ప్రార్థన చేసిన రోజున నాన్న కొత్త చొక్కా వేసుకుని గోడల్ని అరచేత్తో తట్టి అందరికీ చూపించాడు. రేవు పనివాళ్ళకి అప్పులిచ్చే ఒక సొసైటీ ఆయనకి పదిహేనేళ్ళ మీద తీర్చేలా అప్పిచ్చింది. కిస్తీ జీతంలోంచే కోసుకుంటారు. మేడ కట్టి అమ్మినవాడు నాన్నకి చెప్పిన మాట ఒక్కటే. అద్దె కడితే పోతుంది, దానికి ఇంకాస్త కలిపి కిస్తీ కడితే ఇల్లు నీదవుతుంది అని. నాన్న కూడా అడిగింది ఒక్కటే, నెలకి ఎంత అని. ఆ కాస్తా తట్టుకోగలననిపించింది, సంతకం పెట్టాడు.

కింది అంతస్తులో ఒక బెంగాలీ ముసలావిడ ఒంటరిగా ఉండేది. అందరూ ఠాకుమా, అంటే నాయనమ్మ, అనేవాళ్ళు, నేనూ అలాగే పిలిచేదాన్ని. ఆ నేల ఒకప్పుడు ఆవిడదే. ఆవిడ ఇంటిపక్క ఒక పుకూర్, అంటే చిన్న చెరువు ఉండేదట. మేడ కట్టినవాడు దాన్ని బొగ్గు బూడిదతో, ఇటుక ముక్కలతో, ఊరి చెత్తతో పూడ్చి, పైన మేడ లేపి, నేలకు బదులుగా ఆవిడకి కింద ఒక గది ఇచ్చాడు. నన్ను పక్కన కూర్చోబెట్టుకుని మరమరాలు పెడుతూ, "నువ్వు పడుకునే చోటికి సరిగ్గా కింద నేను ఈత నేర్చుకున్నాను" అనేది. మొదట్లో నాకది కథలా ఉండేది. తరువాత తరువాత, పడుకున్నప్పుడు చాప కింద నేల, నేల కింద నీళ్ళు, నీళ్ళలో కళ్ళు తెరుచుకుని తిరిగే చేపలు కనబడేవి.

రెండో వర్షాకాలం గడిచాక అమ్మకి మొదట తెలిసింది. పెనం మీద పోసిన పిండి ఒక పక్కకి జారి, అట్టు అటువైపు మందంగా, ఇటువైపు మాడిపోయి వచ్చేది. పొయ్యి సరిగా లేదనుకుని కింద పెంకు ముక్కలు పెట్టింది. స్నానాల గదిలో నీళ్ళు తూముకేసి వెళ్ళడం మానేసి ఎదురు మూలన నిలిచేవి. మూడో వర్షాకాలం వచ్చేసరికి వీధి తలుపు గడియ పడలేదు. ఆ తరువాత కిటికీ పైన వెంట్రుకంత పగులు కనిపించింది. నాన్న సిమెంటు కలిపి దాన్ని పూడ్చాడు. కొన్నాళ్ళకి ఆ సిమెంటు పక్కనే ఇంకో పగులు వచ్చింది. అమ్మ ఆ మాటెత్తితే నాన్న ఎప్పుడూ లేనంత గట్టిగా కసిరేవాడు. ఇంటి సంగతి ఎవరి దగ్గరా అనొద్దని నాకూ చెప్పాడు. నాన్నకి కోపం వచ్చిందనుకున్నాను. మా అందరికన్నా ఎక్కువ భయపడుతున్నది ఆయనేనని అర్థమయ్యే వయసు కాదు నాది.

ఒక పొద్దున నాన్న పనికి వెళ్ళాక తాతయ్య పిండి ఉడికించి జిగురు చేశాడు. వార్తాపత్రికలోంచి ఒక సన్నని ముక్క చించి, పగులుకి అడ్డంగా, రెండు వైపులా అంటేలా గోడకి అతికించాడు. నన్ను దగ్గరికి పిలిచాడు.

"బడి నుంచొచ్చి రోజూ దీన్ని సూడు తల్లీ. బాగుంటే ఏటీ నేదు. సిరిగితే మాత్రం ముందు నాకు సెప్పు."

ఆ రోజు నుంచి నాకు బడిలో పాఠం తలకెక్కలేదు. సందులోకి తిరగగానే మేడ ఉందా లేదా అని చూసేదాన్ని.  సంచి కింద పెట్టకుండానే కిటికీ దగ్గరికి వెళ్ళి ఆ కాగితం వంక చూసేదాన్ని. చూడకపోతే చిరగదేమోనని కూడా ఒక్కోసారి అనిపించేది. కాని చూడకుండా ఉండలేను. రేవులో ఇనుప దూలాలు దించిన చప్పుడు వినిపిస్తే చాలు, పసివాడైన నా తమ్ముణ్ణి పట్టుకుని గుమ్మంలోకి పరుగెత్తేదాన్ని. వాడు అదేదో ఆటనుకుని నవ్వేవాడు.

ఒక సాయంత్రం ఆ కాగితం చిరిగి ఉంది. ఎవరూ చేత్తో చించినట్టు లేదు. నిలువునా విడిపోయి, ఒకే అక్షరం సగం ఇటు, సగం అటు ఉంది. నేను అరవలేదు. కిందికి దిగి, టీకొట్టు దగ్గరున్న తాతయ్య చెయ్యి పట్టుకుని లాగాను. ఆయన పైకి వచ్చి పగులు పొడుగునా వేలితో తడిమాడు. వేలి కొన అందులోకి దిగింది. 

నాన్న ఇంటికి రాగానే తాతయ్య నీళ్ళు కూడా తాగనివ్వకుండా గోడ చూపించాడు.

"ఎలిపోదాం బాబూ."

"ఎక్కడికి మావా?" అన్నాడు నాన్న. "కిస్తీ పోగా సేతికొచ్చేది తిండికే సాలట్లేదు. అద్దె ఎవులిస్తారు? మూడేళ్ళు కట్టినాను. పదిహేనేళ్ళలో మూడేళ్ళు. ఐదో వంతు తీరిపోనాది. ఇప్పుడు ఒగ్గీసి పోతే ఆ డబ్బంతా ఏటైపోవాల?"

"తీరిపోనాదని ఎవులు సెప్పినారు?"

"లెక్క కాదేటి అది?"

తాతయ్య వాదించలేదు. "నాకూ తెల్దు. రేపు పోయి అడుగుదాం," అన్నాడు.

మర్నాడు నాన్న పనికి సెలవు పెట్టాడు. నేను ఇంట్లో ఉండనని ఏడిస్తే నన్నూ తీసుకెళ్ళారు. అమ్మ మాత్రం రాలేదు. తమ్ముడికి జ్వరంగా ఉందని, వంట చేసి ఉంచుతానని అంది. వాణ్ణి చంకనెత్తుకుని కిటికీలో నిలబడి మమ్మల్ని సాగనంపింది. అప్పుడు నాకు కొత్త భయం పట్టుకుంది. నేను బయట ఉన్నాను, అమ్మ లోపల ఉంది. సందు మలుపు దాకా వెనక్కి చూస్తూనే నడిచాను. మలుపు తిరిగాక ఆ మేడ కనబడలేదు. అక్కడి నుంచి సొసైటీ ఆఫీసు దాకా ఎలా వెళ్ళామో నాకు గుర్తులేదు. దారిలో ఏ చప్పుడైనా అది మా ఇంటిదేననుకున్నాను.

ఆఫీసులో ఒక నడివయసు బెంగాలీ బాబు ఉన్నాడు. చెడ్డవాడు కాదు. నన్ను చూసి కుర్చీ వేయించాడు. నాన్న ఆయన్ని, ఇంకెంత అప్పుంది బాబూ అని బెంగాలీలో అడిగాడు. ఆయన చూసి చెప్పిన మొత్తం విని నాన్న నవ్వాడు. వేరే ఎవరిదో చూశారు, మళ్ళీ చూడండి అన్నాడు. ఆయన మళ్ళీ చూశాడు. అదే చెప్పాడు. అప్పు తీసుకున్న రోజున ఎంత ఉందో ఇంచుమించు అంతే ఉంది.

"మొదటి ఏళ్ళలో అంతే, దాదా," అన్నాడాయన నెమ్మదిగా. "అసలు పెద్దది కదా, దాని మీద వడ్డీ కూడా పెద్దదే. నువ్వు కట్టిన ప్రతి ఐదు రూపాయల్లో నాలుగు వడ్డీకే పోయాయి. అసలులో తగ్గింది ఆ మిగిలిన ఒక్క రూపాయే. ఆఖరి ఏళ్ళలో ఇది తిరగబడుతుంది. అప్పుడు అసలు జోరుగా తగ్గుతుంది."

 నాన్న, మొత్తం పదిహేనేళ్ళకి నేను కట్టేది ఎంతవుతుంది అని అడిగాడు. ఆ ప్రశ్న ఆయన సంతకం పెట్టిన రోజున అడగాల్సింది. ఆ బాబు ఒక చిత్తుకాగితం మీద గుణించి చెప్పాడు. ఆ డబ్బుతో అలాంటి ఇళ్ళు రెండు వస్తాయి. నాన్న తన జీవితంలో రెండిళ్ళు కొంటున్నాడు, ఉండడానికి మాత్రం ఒక్కటే.

 తాతయ్య తనకొచ్చిన రేవు బెంగాలీలో ఒక్కటే అడిగాడు. ఇల్లు కూలిపోతే ఏమవుతుంది అని. ఆ బాబు తాగబోతున్న టీ గ్లాసు కింద పెట్టేశాడు. తలుపు వైపు చూసి గొంతు తగ్గించాడు.

"ఇల్లు మాకు తాకట్టు మాత్రమే. అప్పు మనిషి మీద ఉంది. ఇల్లున్నా లేకపోయినా జీతంలోంచి కోత ఆగదు. ఉద్యోగం మానేసి వెళ్ళిపోతే నీ అప్పుకి జామీనుగా సంతకం పెట్టిన ఇద్దరి జీతాల్లోంచి కోస్తాం. ఇంటికి బీమా చేయించలేదు కదా మీరు." చేయించలేదు. బీమా అనే మాటే నాన్నకి ఎవరూ చెప్పలేదు.

బయటికొచ్చి గంగ ఒడ్డున ఘాట్ మెట్ల మీద కూర్చున్నాం. అవతలి ఒడ్డు నుంచి పడవ జనాన్ని వేసుకుని వస్తోంది. నాన్న రెండు చేతుల్తో తల పట్టుకున్నాడు. ఎత్తులో, గాలిలో ఊగే క్రేను గదిలో కూర్చుని టన్నుల బరువు దించే మనిషి.  నాకు అమ్మ దగ్గరికి వెళ్ళిపోవాలని ఉంది.

తాతయ్య ఆయన పక్కన జరిగి కూర్చున్నాడు.

"ఇంట్లో ఉంటే కిస్తీ కట్టాలా బాబూ?"

"కట్టాల."

"బయటుంటే?"

"కట్టాల."

"అది కూలిపోతే?"

"కట్టాల మావా. సెప్పీసినాడు కదా, ఇన్నావు కదా."

"ఇన్నాను. మరైతే లోపలెందుకు ఉండడం? ఆ డబ్బు ఎలాగా పోయినదే. ఆ ఇంట్లో కూకుని కాపలా కాసినా అది ఎనక్కి రాదు. పిల్లల మీద గోడ పడితే ఆళ్ళూ రారు."

నాన్న తలెత్తి ఆయన వంక చూశాడు. అద్దె మాట అడగబోతున్నాడని తాతయ్యకి తెలుసు. తన పెన్షను అద్దెకి సరిపోతుందన్నాడు. కుట్టుపని గదుల్లో బొత్తాలు కుట్టడానికి మనుషులు కావాలంటున్నారని, కళ్ళింకా కనబడుతున్నాయని అన్నాడు. ఊరెళ్ళే సంగతి అని నాన్న నసిగితే, సముద్రం ఎక్కడికీ పోదులే అన్నాడు. అంతే. ఆ మాటతో ఆయన తన మిగిలిన జీవితాన్ని మాకిచ్చేశాడని నాకు చాలా ఏళ్ళ తరువాత తెలిసింది.

నాన్న లేచి, "పదండి," అన్నాడు. నడుస్తూ నడుస్తూ పరుగందుకున్నాడు. తాతయ్య నా చెయ్యి పట్టుకుని వెనక వస్తున్నాడు. సందు మలుపులో నేను కళ్ళు మూసుకున్నాను. తెరిచి చూస్తే మేడ ఉంది. కిటికీలో అమ్మ లేదు. నాన్న మెట్లెక్కుతూ అమ్మని పేరు పెట్టి పిలవడం వినబడింది. ఎప్పుడూ పేరు పెట్టి పిలవడు. అమ్మ వంటగదిలోంచి, "ఏటైంది?" అంటూ వచ్చింది. ఆ గొంతు విన్నాక నేను మెట్ల మీదే కూలబడి ఏడ్చేశాను.

ఆ సాయంత్రమే వాన మొదలవుతుండగా గిన్నెలు, బట్టలు, పరుపులు తోపుడుబండి మీద వేసుకుని బయటపడ్డాం. పై అంతస్తువాళ్ళకి, పక్క వాటా వాళ్ళకి నాన్న తలుపు తట్టి చెప్పాడు. ఇన్నాళ్ళూ ఎవరితోనూ అనొద్దన్న మనిషి, చిరిగిన కాగితం దగ్గరికి ఒక్కొక్కరినీ తీసుకొచ్చి చూపించాడు. ఒకాయన నవ్వాడు. ఇంకొకాయన నవ్వలేదు, ఆయన గోడకి కూడా పగులుంది. ఠాకుమా మాత్రం కదలనంది. తనకి కిస్తీ లేదు, కాని పోవడానికి చోటూ లేదు. ఎవరింటికి వెళ్ళను అని మంచం కోడు పట్టుకుని కూర్చుంది. అమ్మ ఆవిడ చీరలు మూటగట్టి, "మా ఇంటికే" అని బెంగాలీలో ఒక్క మాట చెప్పి, చెయ్యి పట్టుకుని నడిపించింది. మా ఇల్లు అంటే ఆ సమయానికి ఒక తోపుడుబండి.

ఆ వానలు తగ్గకముందే ఒక మధ్యాహ్నం మేడ వెనక సగం కుంగి కూలిపోయింది. అప్పటికి నవ్వినాయనతో సహా అందరూ ఖాళీ చేశారు. పెట్టె తెచ్చుకుందామని లోపలికి వెళ్ళిన ఒకాయనకి కాలు విరిగింది, ప్రాణం పోలేదు. మేము వెళ్ళి చూశాం. మా నడిమి అంతస్తు తెరిచిన అరలా కనబడుతోంది. అమ్మ వేసిన నీలం సున్నం కనబడుతోంది. కింద ఇటుకల మధ్య నల్లటి నీళ్ళు ఊరుతున్నాయి. ఠాకుమా ఆ నీళ్ళ వంక చూసి ముక్కు మీద చీర కొంగు పెట్టుకుంది. నాన్న ఎంతసేపు నిలబడ్డాడో నాకు తెలియదు. అమ్మ వచ్చి భుజం తట్టాక కదిలాడు. మేడ కట్టి అమ్మినవాడు మళ్ళీ ఎవరికీ కనబడలేదు.

ఆ తరువాత పన్నెండేళ్ళు నాన్న ఆ ఇంటికి కిస్తీ కట్టాడు. ఎక్కువ షిఫ్టులు చేశాడు. తాతయ్య, అమ్మ, ఠాకుమా ముగ్గురూ అద్దె గది గుమ్మంలో వరుసగా కూర్చుని చొక్కాలకి బొత్తాలు కుట్టేవాళ్ళు. ఠాకుమా మా దగ్గరే పోయింది, ఆ తరువాత రెండేళ్ళకి తాతయ్య. సముద్రం దగ్గరికి ఆయన వెళ్ళలేదు. నాకు నర్సు చదువు చదవాలనుండేది. అడగలేదు. అడిగితే నాన్న మొహం ఎలా మారుతుందో తెలుసు కాబట్టి. తమ్ముడు పదో తరగతి కాగానే దర్జీ గదిలో చేరాడు. సొసైటీ బాబు చిత్తుకాగితం మీద వేసిన లెక్కలో ఇవేవీ లేవు. ఆయన తప్పు కాదది. అవి ఎవరి లెక్కలోకీ రావు. ఆఖరి కిస్తీ కోసిన నెలలో నాన్న పూర్తి జీతం తెచ్చి అమ్మ చేతిలో పెట్టి, "ఇది మొత్తం మనదేనంట," అన్నాడు. ఆయనకి నమ్మకం కుదిరినట్టు లేదు. ఆ రోజు అమ్మ చేపల పులుసు వండింది. 

ఈమధ్య నా మనవరాలు ఒక ఫ్లాటు కొందామని వచ్చింది. సాల్ట్ లేక్‌లో ఉద్యోగం, మంచి జీతం. ఇరవై ఐదేళ్ళ అప్పు. "అమ్మమ్మా, నెలకి ఇంతే, ఈజీగా కట్టేస్తా," అని ఫోను చూపించింది. ఆ పిల్ల అచ్చం మా నాన్నలాగే మొదట నెలకెంతో చెప్పింది.  వద్దని మాత్రం నేను అనలేదు. ఆఖరి నెల దాకా కట్టేదంతా కలిపి చెప్పమన్నాను. ఐదేళ్ళు కట్టాక అసలు ఎంత తగ్గుతుందో చూడమన్నాను. ఉద్యోగం పోతే, లేదా ఆ ఇంట్లో ఉండలేని రోజు వస్తే, ఎన్ని నెలలు కట్టగలవో చెప్పమన్నాను. తను వేళ్ళతో లెక్కలు వేసుకుంటూ పోయి, ఒక చోట ఆగి, మళ్ళీ మొదటి నుంచి వేసింది.

"ఇంత భయం అయితే ఎలా అమ్మమ్మా? ఇల్లు కొనడమే వద్దంటావా?"

కొనమన్నాను. ఇంకో రెండేళ్ళు దాచుకుని, ఇంకాస్త చిన్నది చూసి, అప్పు తక్కువ చేసుకుని కొనమన్నాను. ఆ ఇంటి కథ అప్పుడే మొదటిసారి చెప్పాను. విన్నాక తను ఫోను పక్కన పెట్టి, నా ఒళ్ళో తల పెట్టుకుని పడుకుంది. తను ఏం చేస్తుందో నాకింకా తెలియదు. చేసేది అడిగి, తెలుసుకుని చేస్తుందని మాత్రం అనుకుంటున్నాను.

నా సంగతి అంటారా, బ్యాంకులో చిన్న కాగితం మీద సంతకం పెట్టాల్సి వచ్చినా నా చెయ్యి కాసేపు ఆగుతుంది. కౌంటరులో అమ్మాయి నాకు చదువు రాదనుకుని, ఎక్కడ పెట్టాలో వేలితో చూపిస్తుంది. నేను తలూపి, నా వెనక వరుసలో నిలబడ్డవాళ్ళు విసుక్కుంటున్నా సరే, ముందు నేను అడగాల్సినవన్నీ అడుగుతాను.